మెక్సికో ఎన్నికలు: నంబర్ అదే.. మ్యాప్ మాత్రం మారుతూనే ఉంటుంది! బాహా కాలిఫోర్నియా ఫస్ట్ డిస్ట్రిక్ట్ కథ ఇదీ

అమెరికా సరిహద్దును ఆనుకుని ఉన్న మెక్సికో రాష్ట్రం బాహా కాలిఫోర్నియా. ఆ రాష్ట్ర రాజధాని మెక్సికాలి కేంద్రంగా ఉన్న పార్లమెంట్ నియోజకవర్గాన్ని 'ఫస్ట్ ఫెడరల్ ఎలక్టోరల్ డిస్ట్రిక్ట్' అంటారు. మెక్సికో పార్లమెంట్‌లో అడుగుపెట్టిన తొలి మహిళా ఎంపీ గెలిచింది ఇక్కడి నుంచే. 1979 నుంచి 2024 వరకు ఈ నంబర్ మీద 16 సార్వత్రిక ఎన్నికలు జరిగాయి. ఈ 45 ఏళ్లలో గీతలు మాత్రం ఐదు రకాలుగా గీశారు. నంబర్ అదే, కానీ దాని కింద ఉన్న నేల మారుతోంది, ఓటర్లు మారుతున్నారు, ఎంపీలు మారుతున్నారు.

ఇలా ఎందుకు జరుగుతోంది? సీట్లు ఎవరు తేలుస్తారు? జనాభా పెరిగిన రాజధాని మెక్సికో సిటీకి సీట్లు ఎందుకు తగ్గాయి? నియోజకవర్గాల పునర్విభజన మీద మన దగ్గర చర్చ నడుస్తున్న వేళ, మెక్సికో లెక్క ఎలా ఉంటుందో చూద్దాం.

డిస్ట్రిక్ట్ అంటే జిల్లా కాదు

ముందుగా ఒక విషయం. మెక్సికోలో ఫెడరల్ డిస్ట్రిక్ట్ అంటే కలెక్టర్ ఉండే జిల్లా లాంటిది కాదు. అది కేవలం ఓట్ల కోసం గీసిన నియోజకవర్గం. మన లోక్‌సభ నియోజకవర్గంతో పోల్చుకోవచ్చు. రోడ్లు, నీళ్లు, చెత్త లాంటి పనులు మున్సిపాలిటీలు చూసుకుంటాయి. డిస్ట్రిక్ట్‌కు సొంత ఆఫీసర్లు, సొంత బడ్జెట్ ఉండవు. దాని పని ఒక్కటే.. ఒక డిప్యూటీని గెలిపించి రాజధానికి పంపడం. డిప్యూటీ అంటే మన ఎంపీ లాంటి వారన్నమాట.

మెక్సికో దిగువ సభ పేరు చాంబర్ ఆఫ్ డిప్యూటీస్. అందులో మొత్తం 500 సీట్లు ఉంటాయి. వీటిలో 300 మంది నేరుగా నియోజకవర్గాల నుంచి గెలుస్తారు. ఎవరికి ఎక్కువ ఓట్లు వస్తే వాళ్లే విజేత. మిగతా 200 సీట్లను పార్టీలకు వచ్చిన ఓట్ల శాతాన్ని బట్టి పంచుతారు. దీనికోసం దేశాన్ని ఐదు పెద్ద మండలాలుగా విడగొట్టారు. ఒక్కో మండలానికి 40 సీట్లు. బాహా కాలిఫోర్నియా మొదటి మండలంలో ఉంది.

ఓటరు మాత్రం డిప్యూటీ ఎన్నికకు ఒక్క బ్యాలెట్ మీదే గుర్తు పెడతాడు. ఆ ఒక్క ఓటే స్థానిక అభ్యర్థికీ, పార్టీ జాబితాకూ లెక్కలోకి వస్తుంది. డిప్యూటీల పదవీకాలం మూడేళ్లే.

తొలి మహిళా ఎంపీ ఇక్కడి నుంచే

బాహా కాలిఫోర్నియా మొదటి నుంచీ రాష్ట్రం కాదు. 1931 నుంచి అది 'ఉత్తర భూభాగం' పేరుతో కేంద్ర పాలిత ప్రాంతం. 1952 జనవరి 16న రాష్ట్ర హోదా దక్కింది. 1953లో బ్రౌలియో మాల్డొనాడో తొలి గవర్నర్ అయ్యారు. మెక్సికోలో గవర్నర్ అంటే ప్రజలు ఎన్నుకునే పాలకుడు. మన ముఖ్యమంత్రి లాంటి పదవి.

అదే ఏడాది దేశవ్యాప్తంగా మరో పెద్ద మార్పు వచ్చింది. 1953 అక్టోబర్ 17న రాజ్యాంగ సవరణతో మహిళలకు అన్ని ఎన్నికల్లో ఓటు వేసే హక్కు, పోటీ చేసే హక్కు వచ్చాయి. అప్పటిదాకా వాళ్లకు మున్సిపల్ ఎన్నికల వరకే అవకాశం ఉండేది.

ఏడాది తిరగకుండానే ఫలితం కనిపించింది. 1954 జులై 4న బాహా కాలిఫోర్నియాలో ప్రత్యేక ఎన్నిక జరిగింది. ఫస్ట్ డిస్ట్రిక్ట్ నుంచి పీఆర్ఐ అభ్యర్థిగా నిలబడిన న్యాయవాది అరోరా హిమేనెజ్ దె పలాసియోస్ గెలిచారు. సెప్టెంబర్ 7న ప్రమాణం చేశారు. మెక్సికో చరిత్రలో తొలి మహిళా ఫెడరల్ డిప్యూటీ ఆమే. ఆ సభ గడువు 1955లో ముగియడంతో ఆమె పదవిలో ఉన్నది ఏడాది పాటే. అయినా ఆ పేరు నిలిచిపోయింది. దేశమంతటా మహిళలు ఓటేసిన తొలి సార్వత్రిక ఎన్నిక 1955 జులై 3న జరిగింది. అప్పుడు సభకు ఎన్నికైన మహిళలు నలుగురు.

అక్కడి నుంచి లెక్క ఎంత మారిందంటే.. 2021లో ఏర్పడిన సభలో సరిగ్గా 250 మంది మహిళలు, 250 మంది పురుషులు.

2 లక్షల నుంచి 37 లక్షలకు

అరోరా గెలిచిన రోజుల్లో బాహా కాలిఫోర్నియా చిన్న రాష్ట్రం. 1950 జనాభా లెక్కల్లో అక్కడ ఉన్నది 2 లక్షల 26 వేల మంది చిల్లర. 2020 నాటికి అది 37,69,020కి చేరింది. అంటే 16 రెట్లకు పైగా పెరిగింది. ఇదే కాలంలో మెక్సికో మొత్తం జనాభా పెరిగింది దాదాపు 5 రెట్లే.

కారణం సరిహద్దు. అవతల అమెరికా, ఇవతల ఫ్యాక్టరీలు. దిగుమతి చేసుకున్న విడిభాగాలను కలిపి, తయారైన సరుకును ఎగుమతి చేసే కర్మాగారాలను అక్కడ 'మకిలాడోరా' అంటారు. వాటిలో పని కోసం దేశం నలుమూలల నుంచి జనం వచ్చి స్థిరపడ్డారు. ముఖ్యంగా తిహువానా నగరానికి. రాష్ట్ర రాజధాని మెక్సికాలి అయినా, 2020 లెక్కల ప్రకారం రాష్ట్ర జనాభాలో సగానికి పైగా.. అంటే 19,22,523 మంది తిహువానా మున్సిపాలిటీలోనే ఉన్నారు. మెక్సికాలిలో ఉన్నది 10,49,792 మంది.

జనం ఇలా పెరిగినప్పుడు పాత గీతలు పనికిరావు. ఒక నియోజకవర్గం ఉబ్బిపోతుంది, ఇంకోటి చిక్కిపోతుంది. ఇద్దరికీ ఎంపీ ఒక్కరే. అక్కడే సమస్య మొదలవుతుంది.

సీట్ల లెక్క ఎలా తేలుస్తారు?

మెక్సికో రాజ్యాంగంలో 52, 53 ఆర్టికల్స్ దీని గురించే చెబుతాయి. సూత్రం చాలా సింపుల్. దేశ జనాభాను 300తో భాగించాలి. వచ్చిన సంఖ్యతో ఒక్కో రాష్ట్ర జనాభాను భాగించాలి. అదే ఆ రాష్ట్ర వాటా. ఏ రాష్ట్రానికైనా కనీసం రెండు సీట్లు ఇవ్వాల్సిందే. మొత్తం మాత్రం 300 దాటకూడదు.

బాహా కాలిఫోర్నియా విషయంలో ఈ లెక్క ఇలా నడిచింది.

- 1990 జనాభా లెక్కలు: రాష్ట్రంలో 16,60,855 మంది. దేశ సగటు ఒక్కో సీటుకు సుమారు 2.71 లక్షలు. వాటా 6.13. సీట్లు 6.
- 2000 లెక్కలు: రాష్ట్రంలో 24,87,367 మంది. సగటు సుమారు 3.25 లక్షలు. వాటా 7.65. సీట్లు 8.
- 2010 లెక్కలు: రాష్ట్రంలో 31,55,070 మంది. సగటు సుమారు 3.74 లక్షలు. వాటా 8.43. సీట్లు 8.
- 2020 లెక్కలు: రాష్ట్రంలో 37,69,020 మంది. సగటు సుమారు 4.20 లక్షలు. వాటా 8.97. సీట్లు 9.

ఈ లెక్కల ఆధారంగా కొత్త మ్యాపులు 1996, 2005, 2017, 2022లో వచ్చాయి. వాటికి ముందున్నది 1979 ఎన్నికల నుంచి వాడిన మ్యాప్. 2022 డిసెంబర్‌లో ఆమోదించిన తాజా మ్యాప్‌ను 2024 జూన్ 2న జరిగిన ఎన్నికల్లో తొలిసారి వాడారు.

ఫస్ట్ డిస్ట్రిక్ట్ గీత ఎందుకు జరుగుతుంది?

రాష్ట్రానికి ఒక సీటు పెరిగితే ఆ కొత్త నియోజకవర్గం కోసం ఒక్క చోట నేల తీసుకుంటే సరిపోదు. పక్కవన్నీ సర్దుకోవాల్సిందే. నిండుగా ఉన్న బల్ల మీద ఇంకో విస్తరి వేస్తే అందరూ కాస్త జరిగి కూర్చున్నట్టే ఇదీ.

మెక్సికాలినే తీసుకుంటే.. 2020 సగటు ప్రకారం ఆ మున్సిపాలిటీ జనాభా సరిగ్గా రెండున్నర సీట్లకు సరిపోతుంది. అంటే రెండు పూర్తి నియోజకవర్గాలు, మూడో దానిలో సగం. ఆ సగాన్ని బయటి ప్రాంతంతో కలపక తప్పదు. లేదంటే సీట్లను కాస్త పెద్దవిగానో చిన్నవిగానో చేయాలి. ఏ వార్డు ఫస్ట్ డిస్ట్రిక్ట్‌లో ఉండాలి, ఏది సెకండ్ డిస్ట్రిక్ట్‌కు పోవాలి, ఏది మూడో దానిలో కలవాలి అన్నది ప్రతిసారీ తేల్చాల్సిందే. అందుకే రాష్ట్ర సీట్లు 6 దగ్గరే ఆగిన 1996లోనూ, 8 దగ్గరే ఆగిన 2017లోనూ మ్యాప్‌ను మళ్లీ గీశారు. సీట్ల సంఖ్య మారకపోయినా లోపల జనం ఒక పేట నుంచి ఇంకో పేటకు మారిపోతారు కదా.

గీతలు గీసేది ఎవరు?

ఈ పని నేషనల్ ఎలక్టోరల్ ఇన్‌స్టిట్యూట్ చూస్తుంది. స్పానిష్ పొట్టి పేరు ఐఎన్ఈ. మన ఎన్నికల సంఘం లాంటి సంస్థ. 1990లో ఐఎఫ్ఈ పేరుతో మొదలై, 2014 సంస్కరణతో ఐఎన్ఈగా మారింది. అంతకుముందు ఎన్నికల యంత్రాంగం హోం శాఖ చేతిలో ఉండేది. దశాబ్దాల పాటు ఒకే పార్టీ.. పీఆర్ఐ.. అధికారంలో ఉన్న దేశంలో దాని అర్థం ఏంటో చెప్పక్కర్లేదు.

ఇప్పుడు మ్యాప్ తయారీలో కంప్యూటర్ ప్రోగ్రామ్‌దే ముఖ్య పాత్ర. ముందుగా రూల్స్ పెడతారు. ఒక్కో నియోజకవర్గం జనాభా సగటు కంటే 15 శాతానికి మించి తేడా ఉండకూడదు. 2020 లెక్కలతో చూస్తే దాదాపు 3.57 లక్షలు, 4.83 లక్షల మధ్య ఉండాలి. నేల ఒకదానికొకటి ఆనుకుని ఉండాలి. వీలైనంత వరకు మున్సిపాలిటీలను ముక్కలు చేయకూడదు. ప్రయాణ సమయాన్నీ చూడాలి. మూలవాసుల జనాభా 40 శాతం, అంతకు మించి ఉన్న ప్రాంతాలను చీల్చకుండా ఒకే నియోజకవర్గంలో ఉంచేలా చూడాలి.

ఈ లెక్కలన్నీ వేసి ప్రోగ్రామ్ ఒక డ్రాఫ్ట్ ఇస్తుంది. పార్టీలు దాన్ని చూసి ప్రత్యామ్నాయ మ్యాపులు ఇవ్వొచ్చు. అయితే రూల్స్‌కు అది ఇంకా బాగా సరిపోతుందని చూపించాలి. చివరగా ఐఎన్ఈ కౌన్సిల్ ఆమోదిస్తుంది.

గీతలకు అన్నిటికంటే చిన్న ముక్క 'సెక్షన్'. ఒక్కో సెక్షన్‌లో 100 నుంచి 3,000 మంది ఓటర్లు ఉండాలని చట్టం చెబుతోంది. ఓటరు కార్డు మీద ఈ సెక్షన్ నంబర్ ఉంటుంది. మ్యాప్ మారినప్పుడు ఓటరు ఇల్లు కదలదు. ఆ సెక్షన్ ఇంకో నియోజకవర్గంలోకి జరుగుతుంది. నిన్నటి దాకా ఫస్ట్ డిస్ట్రిక్ట్ ఓటరు, ఇవాళ ఇంకో డిస్ట్రిక్ట్ ఓటరు!

మ్యాప్ మార్చకపోతే ఏమవుతుంది?

మార్చడం చికాకే. మరి మార్చకపోతే? మెక్సికోలోనే దానికి జవాబు ఉంది.

1979 నాటి మ్యాప్‌తోనే 1994 దాకా ఎన్నికలు నడిచాయి. ఆ మ్యాప్‌లో రాజధాని మెక్సికో సిటీకి 40 సీట్లు. బాహా కాలిఫోర్నియాకు 6. 1990 జనాభా లెక్కల ప్రకారం చూస్తే.. మెక్సికో సిటీలో సగటున 2.06 లక్షల మందికి ఒక ఎంపీ. బాహా కాలిఫోర్నియాలో 2.77 లక్షల మందికి ఒక ఎంపీ. అంటే రాజధానిలో ఒక్క ఓటు విలువ సరిహద్దు రాష్ట్రంలోని ఓటు కంటే మూడో వంతు ఎక్కువ. ఎవరూ మోసం చేయలేదు, బ్యాలెట్ బాక్సులు మార్చలేదు. గీతలు పాతబడ్డాయంతే.

1996లో కొత్త మ్యాప్ వచ్చింది. మెక్సికో సిటీ ఒక్కసారిగా 10 సీట్లు కోల్పోయింది. ఆ మ్యాప్ మీద జరిగిన తొలి ఎన్నిక 1997లో. అదే ఎన్నికలో పీఆర్ఐ చాంబర్ ఆఫ్ డిప్యూటీస్‌లో తొలిసారి సొంత మెజారిటీ పోగొట్టుకుంది. దానికి ఆర్థిక సంక్షోభం సహా చాలా కారణాలున్నాయి, మ్యాప్ ఒక్కటే కారణం కాదు.

జనం పెరిగినా సీట్లు తగ్గాయి!

మెక్సికో సిటీ కథ అక్కడితో ఆగలేదు.

- 1979 మ్యాప్: 40 సీట్లు
- 1996 మ్యాప్: 30 సీట్లు
- 2005 మ్యాప్: 27 సీట్లు
- 2017 మ్యాప్: 24 సీట్లు
- 2022 మ్యాప్: 22 సీట్లు

విచిత్రం ఏంటంటే.. 1990 తర్వాత రాజధాని జనాభా తగ్గలేదు. 82,35,744 నుంచి 2020 నాటికి 92,09,944కి పెరిగింది. కానీ మిగతా దేశం ఇంకా వేగంగా పెరిగింది. సీట్లు 300 దగ్గరే ఫిక్స్ కాబట్టి, నెమ్మదిగా పెరిగిన చోటు నుంచి వేగంగా పెరిగిన చోటుకు సీట్లు వెళ్లిపోతాయి.

2022లో మెక్సికో సిటీ 2 సీట్లు, మెక్సికో స్టేట్, గెర్రెరో, మిచోకాన్, తమౌలిపాస్, వెరాక్రూజ్ ఒక్కొక్కటి చొప్పున కోల్పోయాయి. న్యూవో లియోన్‌కు 2, బాహా కాలిఫోర్నియా, కొవాహులా, ప్యూబ్లా, కెరెటారో, యుకటాన్‌లకు ఒక్కొక్కటి చొప్పున పెరిగాయి. పోయినవి ఏడు, వచ్చినవి ఏడు.

ఇక్కడే తెలుగు రాష్ట్రాలకు తెలిసిన మాట గుర్తొస్తుంది. ఆంధ్రప్రదేశ్‌కు 25, తెలంగాణకు 17 లోక్‌సభ సీట్లు వచ్చింది 1971 జనాభా లెక్కల వాటా నుంచే. 2008 పునర్విభజనలో గీతలు మారాయి కానీ రాష్ట్రాల సీట్ల సంఖ్య మారలేదు. దాని వల్ల దక్షిణాది వాటా నిలబడింది. మరోవైపు మల్కాజిగిరి లాంటి చోట 2019 నాటికే ఓటర్లు 31 లక్షలు దాటిపోయారు. మెక్సికో రెండో దారి ఎంచుకుంది. అక్కడ ఓటు విలువ సమానంగా ఉంటుంది, కానీ జనాభా నెమ్మదించిన ప్రాంతం గొంతు తగ్గుతుంది. ఏ దారిలో వెళ్లినా ఎవరో ఒకరికి నష్టం తప్పదు.

ఎంపీలూ నిలవరు.. కారణం ఇదే

ఫస్ట్ డిస్ట్రిక్ట్‌లో గీతలే కాదు, మనుషులూ త్వరగా మారతారు. 1933 రాజ్యాంగ సవరణతో డిప్యూటీలు వరుసగా రెండోసారి పోటీ చేయడానికి వీల్లేకుండా పోయింది. మూడేళ్లు పూర్తయితే ఇంటికే. మధ్యలో ఒక టర్మ్ ఆగి మళ్లీ రావొచ్చు. అందుకే దశాబ్దాల పాటు ఒకే సీటులో పాతుకుపోయిన ఎంపీలు మెక్సికోలో కనిపించరు. నియోజకవర్గంతో అనుబంధం కంటే, తర్వాతి పదవి ఇచ్చే పార్టీ పెద్దలే ముఖ్యం అన్న విమర్శ ఇందుకే వచ్చింది.

2014 సంస్కరణతో ఈ రూల్ సడలింది. 2018లో గెలిచినవారు 2021లో మళ్లీ పోటీ చేయగలిగారు. వరుసగా నాలుగు సార్ల వరకు అవకాశం ఇచ్చారు. కానీ 2025లో మరో రాజ్యాంగ సవరణ వచ్చింది. 2030 ఎన్నికల నుంచి వరుసగా పోటీ మళ్లీ నిషేధం. తలుపు తెరిచి పదేళ్లు దాటిందో లేదో, మళ్లీ మూసేశారు.

ఇంకో ప్రత్యేకత కూడా ఉంది. ప్రతి అభ్యర్థితో పాటు ఒక ప్రత్యామ్నాయ అభ్యర్థి పేరు కూడా బ్యాలెట్ మీద ఉంటుంది. స్పానిష్‌లో 'సుప్లెంటే' అంటారు. డిప్యూటీ సెలవు పెట్టినా, వేరే పదవికి వెళ్లినా సుప్లెంటే వచ్చి ఆ కుర్చీలో కూర్చుంటారు. దీన్ని కొందరు వాడుకున్నారు కూడా. 2009లో గెలిచిన కొందరు మహిళా డిప్యూటీలు సభ మొదలవగానే సెలవు పెట్టి, సీట్లను పురుష సుప్లెంటేలకు అప్పగించడం పెద్ద దుమారమే రేపింది. ఆ తర్వాత అభ్యర్థి మహిళ అయితే సుప్లెంటే కూడా మహిళే ఉండాలని రూల్ పెట్టారు.

పక్కనే ఉన్న సెకండ్ డిస్ట్రిక్ట్ చూస్తే ఈ వేగం అర్థమవుతుంది. అదీ మెక్సికాలిలోదే. 2018లో అక్కడి నుంచి మొరెనా పార్టీ తరఫున మరీనా దెల్ పిలార్ ఆవిలా గెలిచారు. 2019లో మెక్సికాలి మేయర్ అయ్యారు. 2021లో బాహా కాలిఫోర్నియాకు తొలి మహిళా గవర్నర్ అయ్యారు. మూడేళ్లలో మూడు పదవులు. తొలి మహిళా ఎంపీని పంపిన రాష్ట్రానికి తొలి మహిళా గవర్నర్ రావడానికి మాత్రం 67 ఏళ్లు పట్టింది.

ఒక్క సీటుకు ఇంత విలువ ఎందుకు?

300 నియోజకవర్గాల్లో ఒకటి అటూ ఇటూ అయితే ఏమవుతుంది అనుకోవచ్చు. 2024 ఫలితాలు చూస్తే తెలుస్తుంది. మొరెనా, దాని మిత్రపక్షాలు డిప్యూటీల ఎన్నికలో దాదాపు 54 శాతం ఓట్లు తెచ్చుకున్నాయి. కానీ 300 నియోజకవర్గాల్లో 256 గెలిచాయి. జాబితా సీట్లు కలిపాక మొత్తం 364 అయ్యాయి. రాజ్యాంగ సవరణకు కావాల్సిన మూడింట రెండు వంతుల మార్కు 334. అది సునాయాసంగా దాటేశాయి.

ఏ పార్టీకీ దాని ఓట్ల శాతం కంటే 8 పాయింట్లకు మించి సీట్లు ఉండకూడదని రాజ్యాంగం చెబుతోంది. అయితే ఆ పరిమితి ఒక్కో పార్టీకా, మొత్తం కూటమికా అన్న దానిపై పెద్ద వివాదమే నడిచింది. ఒక్కో పార్టీకే అని ఎన్నికల ట్రిబ్యునల్ 2024 ఆగస్టులో తేల్చింది. ఆ మెజారిటీతోనే సెప్టెంబర్‌లో జడ్జీలను ప్రజలే ఎన్నుకునే సవరణ పాసైంది. అంటే మెక్సికాలిలో ఒక వీధి ఏ గీతకు అటువైపు ఉందన్నది, చివరకు దేశ రాజ్యాంగం దాకా వెళ్లే లెక్కలో ఒక అంకె.

నెక్స్ట్ ఏంటి?

2022 మ్యాప్ 2020 జనాభా లెక్కల మీద ఆధారపడింది. మెక్సికోలో పదేళ్లకోసారి జనాభా లెక్కలు జరుగుతాయి. కొత్త అంకెలు వస్తే మళ్లీ 300తో భాగహారం మొదలవుతుంది. తిహువానా ఇంకా పెరిగితే బాహా కాలిఫోర్నియాకు ఇంకో సీటు రావొచ్చు. అప్పుడు మెక్సికాలిలోని ఫస్ట్ డిస్ట్రిక్ట్ గీతలు కూడా మరోసారి జరుగుతాయి. 1954లో అరోరా హిమేనెజ్ గెలిచిన ఆ ఒకటో నంబర్ మాత్రం అప్పటికీ బ్యాలెట్ మీద ఉంటుంది.